బీజీఎంఐ విసుగొచ్చాక ఏ వార్ గేమ్? విజయవాడ నుంచి ఆడేవాడి మాట

మీరు అడిగింది ఇదీ: బీజీఎంఐ (ఫోన్లో ఆడే గన్ ఫైట్ గేమ్) విసుగొచ్చింది, గన్ ఫైట్లతో పాటు పెద్ద మ్యాపు మీద యుద్ధం మొత్తం నడిచే ఆన్‌లైన్ పీసీ గేమ్ కావాలి, విజయవాడలో మామూలు ఫైబర్ కనెక్షన్‌తో ఆడగలమా, ఏది కొనాలి?

ఆడగలరు. ఏది కొనాలో చెప్పాలంటే మాత్రం మీ గురి సంగతి నాకు అక్కర్లేదు. తుపాకీ పక్కన పెట్టి వేరే పని చేసే ఓపిక ఎంత ఉందో చెప్పండి చాలు. ఈ గేముల్లో గెలుపు ఎక్కువగా అక్కడే తేలుతుంది.

నేను ఇటువైపు వచ్చింది హీరోస్ అండ్ జనరల్స్‌తో. డెన్మార్క్‌కు చెందిన రెటో-మోటో కంపెనీ చేసింది, డబ్బు కట్టక్కర్లేదు. కొందరు ఆటగాళ్లు జనరల్స్‌గా యూరప్ మ్యాపు మీద దళాలను నడుపుతుంటే, అవి ఎదురుపడ్డ చోట మిగతావాళ్లు సైనికులుగా దిగి కొట్టుకునేవాళ్లు. పైనున్న జనరల్ ట్యాంకులు పంపకపోతే కింద మనకు ట్యాంకు ఉండేది కాదు. అంత మంచి ఆలోచన! 2023 మేలో సర్వర్లు మూసేశారు.

ఇప్పుడు గన్ ఫైటే ముఖ్యం అనుకుంటే హెల్ లెట్ లూజ్ తీసుకోండి. రెండో ప్రపంచ యుద్ధం, జట్టుకు యాభై మంది, ఒక మ్యాచ్ గంటన్నర దాకా సాగుతుంది. బీజీఎంఐ నుంచి వచ్చినవాళ్లు మొదట చేసేది ఒంటరిగా పరిగెత్తడం. ఎక్కడి నుంచో ఒక బుల్లెట్ వస్తుంది, కథ ముగుస్తుంది, కొట్టినవాడు కనిపించడు. రెండు మ్యాచ్‌లకే గేమ్ బాగోలేదంటారు. అసలు ఆట గ్యారిసన్ల దగ్గర ఉంది. చనిపోయినవాళ్లు మళ్లీ పుట్టే చోటు అది. ఆఫీసర్ (స్క్వాడ్ అనే చిన్న గుంపుకు లీడర్) దాన్ని కట్టాలంటే యాభై సప్లైలు కావాలి. సపోర్ట్ క్లాసు (సామాను మోసే పాత్ర) తీసుకున్నవాడు సప్లై పెట్టె దింపితే అవి దొరుకుతాయి. గ్యారిసన్ లేకపోతే జట్టంతా వెనక హెడ్‌క్వార్టర్స్‌లో పుట్టి పొలాల వెంబడి నడుచుకుంటూ రావాలి. ముప్పై కిల్స్ కొట్టిన స్నైపర్ కన్నా, ఒక్క బుల్లెట్ కాల్చకుండా సరైన కంచె వెనక పెట్టె దింపినవాడే జట్టుకు ఎక్కువ పనికొస్తాడు. ఇది నా అభిప్రాయం మాత్రమే కాదు, ఏ స్క్వాడ్ లీడర్‌ని అడిగినా ఇదే చెబుతాడు, కాస్త కోపంగా కూడా చెబుతాడు. ఇంజనీర్లు వెనకాల నోడ్స్ (వనరులు తెచ్చిపెట్టే కట్టడాలు) కట్టకపోతే, జట్టు మొత్తాన్ని నడిపే కమాండర్‌కు వనరులు త్వరగా పెరగవు. వనరులు లేని కమాండర్ మైకులో సారీ చెప్పడం తప్ప చేయగలిగింది పెద్దగా ఉండదు.

మైకు తప్పనిసరి. ఇంగ్లీషు గొప్పగా రానక్కర్లేదు. "ట్యాంక్, నార్త్, రోడ్" అంటే చాలు, అర్థం చేసుకుంటారు. మైకు లేకుండా ఆఫీసర్ రోల్ మాత్రం తీసుకోకండి, తిడతారు, తిట్టడం న్యాయమే.

ఓపిక ఉన్నవాళ్లకు నేను చెప్పేది ఫాక్స్‌హోల్. కెనడా వాళ్లది, 2022 సెప్టెంబరులో పూర్తి వెర్షన్ వచ్చింది. ముందే చెబుతున్నా, ఇది పైనుంచి చూస్తూ ఆడే గేమ్, కళ్ల ముందు తుపాకీ కనిపించే రకం కాదు. కానీ వార్డెన్స్, కలోనియల్స్ అనే రెండు పక్షాల మధ్య ఒక్కో యుద్ధం వారాల తరబడి నడుస్తుంది, మనం నిద్రపోయినా ఆగదు. ముందు వరసలో పేలే ప్రతి బుల్లెట్‌నూ ఎవరో ఒక ఆటగాడు తయారు చేసి ఉండాలి. తుక్కు తవ్వాలి, రిఫైనరీలో వేయాలి, ఫ్యాక్టరీలో పెట్టెలు కట్టించాలి, లారీకెక్కించి ఫ్రంట్ దాకా తోలాలి. చివరికి సైనికుడు మళ్లీ పుట్టడానికి కూడా బేస్‌లో 'షర్టులు' నిల్వ ఉండాలి. మా నాన్నది లారీల పని, నేను పెరిగింది ఆటోనగర్ పక్కన. అందుకేనేమో నాకిది అచ్చం ఆటోనగర్ లాగే అనిపిస్తుంది: లోడు దొరికితే బండి ఉండదు, బండి ఉంటే దారిలో ఎవడో కాపు కాస్తుంటాడు. సరుకు తోలేవాళ్లు ఇందులో నిజంగా సమ్మె కూడా చేశారు. 2022 జనవరిలో ఒక సంఘంగా ఏర్పడి, ఈ పని మరీ విసుగ్గా ఉంది, పద్ధతి మార్చండి అని గేమ్ చేసినవాళ్లకు బహిరంగ లేఖ రాశారు. గేములో కార్మిక సంఘం! బెజవాడ వాళ్లకు ఇది చెబితే ఆశ్చర్యం కన్నా ముందు నవ్వొస్తుంది.

ప్లానెట్‌సైడ్ 2 ఉచితం, 2012 నుంచి ఉంది, మూడు సైన్యాలు. 2015లో ఒకే యుద్ధంలో 1,158 మంది ఆడి గిన్నిస్ రికార్డు కొట్టారు. డౌన్‌లోడ్ చేసి చూడండి, పోయేదేం లేదు. నాకైతే వ్యూహం కన్నా గోల ఎక్కువగా కనిపించింది.

ఇక నెట్ సంగతి. పటమటలో మా ఇంటి నుంచి సింగపూర్ సర్వర్లకు పింగ్ (సర్వర్‌కు వెళ్లి రావడానికి పట్టే మిల్లీసెకన్లు, ఎంత తక్కువైతే అంత మంచిది) వంద లోపే వస్తుంది, యూరప్‌వి నూట యాభై దాటుతాయి. హెల్ లెట్ లూజ్ మెల్లగా నడిచే గేమ్ కాబట్టి అదీ భరించొచ్చు. వైఫై వద్దు, కేబుల్ పెట్టుకోండి. అసలు ఇబ్బంది టైముతో. యూరప్‌లో సాయంత్రం ఏడంటే మనకు ఎండాకాలంలో రాత్రి పదిన్నర, చలికాలంలో పదకొండున్నర. సర్వర్లు నిండేది అప్పుడే. పొద్దున్నే ఆఫీసు ఉన్నవాళ్లకు ఇది టెన్షనే. ఫాక్స్‌హోల్‌లో మాత్రం ఇదే మనకు కలిసొస్తుంది. వాళ్లు పడుకున్న సమయానికి మన తెల్లవారుతుంది, ఫ్యాక్టరీల దగ్గర రద్దీ తక్కువ. కాఫీ తాగుతూ రెండు లోడ్లు దింపేయొచ్చు.

పీసీ విషయానికొస్తే, ఫాక్స్‌హోల్ పాత మెషీన్ల మీద కూడా నడుస్తుంది. హెల్ లెట్ లూజ్‌కు మంచి గ్రాఫిక్స్ కార్డు, 16 జీబీ ర్యామ్ ఉంటేనే సుఖం. రోహిణి కార్తెలో ఏసీ లేని గదిలో గేమింగ్ ల్యాప్‌టాప్ పెట్టి దాన్ని ఆడమని నేను చెప్పను. ఇన్వర్టర్ ఉన్నా రౌటర్ దానికి కలిపి ఉందో లేదో చూసుకోండి, కరెంటు పోతే మీ స్క్వాడ్‌కు ఆఫీసర్ పోయినట్టే.

పీసీ గేములు అమ్మే స్టీమ్‌లో కొన్న పద్నాలుగు రోజుల లోపు, రెండు గంటల కన్నా తక్కువ ఆడి ఉంటే డబ్బు వెనక్కి ఇస్తారు. హెల్ లెట్ లూజ్‌లో ఒక్క మ్యాచే గంటన్నర మింగుతుంది. కాబట్టి ఆ ఒక్క మ్యాచ్‌ని శనివారం రాత్రి, నిండా జనం ఉన్న సర్వర్లో, మాట్లాడే లీడర్ ఉన్న స్క్వాడ్‌లో, సపోర్ట్ క్లాసుతో ఆడండి. పెట్టె ఎక్కడ దింపాలో వాళ్లే చెబుతారు. అది మీకు బోర్ కొడితే వెంటనే రిఫండ్ పెట్టేయండి, ఫాక్స్‌హోల్ జోలికి అసలు వెళ్లకండి.