ప్రతీక కంటే ముందు కథ: యువ రచయితకు లేఖ

చిరంజీవికి, ఆశీస్సులు.

'నియోన్ జెనెసిస్ ఎవాంజెలియన్' అనే జపనీస్ యానిమేషన్ ధారావాహిక పదహారవ ఎపిసోడ్ మీద నీవు రాసిన వ్యాసం శ్రద్ధగా చదివాను. 1995 అక్టోబరు నుంచి 1996 మార్చి వరకు జపాన్‌లో ప్రసారమైన 26 భాగాల్లో దీన్నే ఎంచుకోవడంలో నీ అభిరుచి తెలుస్తోంది. అయితే మొదటి పేరాలోనే తత్త్వవేత్త కీర్కెగార్డ్, మనోవిశ్లేషకురాలు మెలనీ క్లైన్ వచ్చి కూర్చున్నారు. కథానాయకుడు షింజీ మాత్రం మూడో పేజీ దాకా కనిపించలేదు. ఎపిసోడ్ జపనీస్ శీర్షిక ఒకరిని, ఇంగ్లీషు శీర్షిక మరొకరిని తలపిస్తాయన్నది నిజమే. కాని సిద్ధాంతాన్ని ముందు పెట్టుకొని చూస్తే కథలో మనకు ముందే తెలిసిందే దొరుకుతుంది.

ప్రతీక దేనికి గుర్తో చెప్పేముందు, కథలో అదేం చేస్తోందో చెప్పు. నగరం మీద శత్రువులా కనిపించే నలుపు తెలుపు చారల గోళం తేలుతూ ఉంటుంది. ఎవా అనే మనిషి ఆకారపు భారీ యుద్ధయంత్రంతో పైలట్ ఎంతగా మమేకమయ్యాడో కొలిచే సింక్ పరీక్షలో తోటి పైలట్ అసుకాను మించిపోయిన ఉత్సాహంలో ఉన్న షింజీ, మిగతా ఇద్దరు పైలట్ల కోసం ఆగకుండా దాన్ని కాలుస్తాడు. గోళం మాయమవుతుంది, కాళ్ల కింద నేల నల్లబడి, అతని ఎవా చుట్టుపక్కల భవనాలతో సహా అందులో దిగబడిపోతుంది. శాస్త్రవేత్త రిత్సుకో నోట అసలు సంగతి ఆ తర్వాతే బయటపడుతుంది: పైన కనిపించేదే నీడ, నేల మీద పరుచుకున్న, 680 మీటర్ల వ్యాసమూ సుమారు 3 నానోమీటర్ల మందమూ ఉన్న నల్లటి పొరే శత్రువు శరీరం. "నీడ అచేతనానికి ప్రతీక" అని నీవు ఒక్క వాక్యంలో తేల్చేశావు. ఆ వాక్యంలో ఈ తలకిందుల వరసా లేదు, తుపాకీ పేల్చకముందు కుర్రవాడిలో పొంగిన గర్వమూ లేదు.

ఆ నల్లటి పొరలో చిక్కుకున్న షింజీ మనసులో మెదిలే రైలు పెట్టె దృశ్యం నీ వ్యాసంలో బలమైన చోటు. సాయంకాలపు ఎండలో ఎదురు సీట్లో కూర్చున్న పిల్లవాడు తానూ షింజీనే అంటాడు. పై అధికారిణి మిసాతో మనసులో ఒక షింజీ, అసుకా మనసులో ఒక షింజీ ఉన్నారంటాడు. తండ్రి మెచ్చుకున్న ఒక్క మాటనే నెమరువేసుకుంటూ బతుకుతావా అని నిలదీస్తాడు. ఇక్కడ నీవు "విచ్ఛిన్న వ్యక్తిత్వం" అని రోగనిర్ణయం చేశావు. వద్దు. మెచ్చుకోలు కోసం పద్నాలుగేళ్ల కుర్రవాడు పడే ఆరాటానికి వైద్యుడి చీటీ అతికిస్తే, అది అతనొక్కడి జబ్బుగా మిగిలిపోతుంది, చూస్తున్న మనకు తగలదు. దర్శకుడు హిదెయాకి అన్నో తన కుంగుబాటు గురించి బహిరంగంగా చెప్పుకున్నాడు గనుక ఇదంతా ఆయన ఆత్మకథేనని రాయడమూ ఈ కోవలోదే. నాకైతే అది మరింత విసుగు.

ఇక నీవు వదిలేసింది వాసన. ఎవాలో పైలట్ కూర్చునే గదిని నింపిన ద్రవం మసకబారుతున్నప్పుడు షింజీకి నెత్తురు వాసన వేస్తుంది. ఎవా గోళాన్ని లోపలినుంచి చీల్చుకొని నెత్తుటితో బయటపడడాన్ని ప్రసవంగా చదివావు, బాగుంది. కాని ఆ తర్వాత ఆస్పత్రి మంచం మీద అతను చెయ్యి వాసన చూసుకొని, ఇంకా పోలేదనుకోవడాన్ని ప్రస్తావించనే లేదు. తెర మీద చూపించడానికి వీలులేని ప్రతీక ఇదొక్కటే. రెండో ప్రతిని సింక్ పరీక్ష దగ్గర మొదలుపెట్టు. ఈ వాసనకు ఒక పూర్తి పేరా ఇవ్వు. సిద్ధాంతకర్తలను ఆ తర్వాతే పిలిచి, వచ్చే నెలలోగా నాకు పంపు.