తెర మీది బోను: పాఠకుల ప్రశ్నలు, మా జవాబులు

నిజంగా జరిగిన క్రిమినల్ కేసుల విచారణను నటులతో మళ్లీ ఆడించి చూపే డాక్యుడ్రామాల గురించే ఈసారి ఎక్కువ ఉత్తరాలు వచ్చాయి. సెషన్స్ కోర్టుల్లో వాదించే న్యాయవాది ఒకరు, ఇలాంటి స్క్రిప్టులను రికార్డుతో సరిచూసే ఎడిటర్ ఒకరు కలిసి జవాబులు రాశారు.

ప్రశ్న: ‘కోర్టు రికార్డుల ఆధారంగా’ అని మొదట్లోనే కార్డు వేస్తారు. లాయరు అడిగే ప్రతి ప్రశ్నా, సాక్షి చెప్పే ప్రతి మాటా నిజంగా కోర్టులో అన్నవేనా? – పాఠకురాలు, తెనాలి

సాక్షి మాటలు కావచ్చు. లాయరు ప్రశ్నలు మాత్రం చాలావరకు రచయిత రాసుకున్నవే. మన కోర్టుల్లో వాంగ్మూలం రాసే పద్ధతే అందుకు కారణం. సెషన్స్ విచారణలో సాక్షి చెప్పేదాన్ని మామూలుగా ప్రశ్న-జవాబుల్లా కాకుండా కథనంలా రాస్తారు. లాయరు అడుగుతాడు, సాక్షి చెబుతాడు, జడ్జి ఆ రెండింటినీ కలిపి ఒక వాక్యంగా స్టెనోకు చెబుతారు. అడిగిన ప్రశ్న అక్కడితో పోతుంది. ప్రశ్న కూడా ఉండాలని జడ్జికి అనిపించిన చోట మాత్రమే దాన్ని రికార్డులోకి ఎక్కిస్తారు.

మచ్చుకు, క్రాస్‌లో, అంటే ఎదుటి పక్షం లాయరు చేసే ఎదురు విచారణలో, ఒక సాక్షి వాంగ్మూలం ఇలా ఉందనుకోండి: “ఆ వీధిలో దీపం లేదనడం నిజం కాదు. దీపం వెలుగులో ముద్దాయిని చూశానని నేను పోలీసులకు చెప్పలేదు. మృతుడు నాకు బాకీ ఉన్నాడనడం నిజం కాదు.” మూడు వాక్యాలు, వాటి వెనక కనీసం మూడు ప్రశ్నలు. ‘అనడం నిజం కాదు’ అని ముగిసిందంటే అది సజెషన్. డిఫెన్స్ లాయరు తన వాదన సాక్షి ముందు పెట్టాడు, సాక్షి కాదన్నాడు. రచయిత దాన్ని “ఆ రాత్రి వీధి దీపం వెలగడం లేదు, అవునా?” అని సంభాషణగా మార్చుకోవచ్చు. తప్పేమీ లేదు.

తప్పు జరిగేది మూడో వాక్యం దగ్గర. బాకీ అనగానే దర్శకుడికి ఉత్సాహం వస్తుంది. ఇద్దరు అరుగు మీద కూర్చుని డబ్బు దగ్గర గొడవపడే ఫ్లాష్‌బ్యాక్ ఒకటి తీసేస్తాడు. సాక్షి కాదన్న సజెషన్ సాక్ష్యం కానే కాదు. బాకీ ఉన్నట్టు ఆ కేసులో ఇంకే ఆధారమూ లేకపోతే, తెర మీది ఆ సన్నివేశం ఒట్టి కల్పన. చూసినవాళ్లకు గుర్తుండిపోయేది మాత్రం అదే.

అసలు బరువు రెండో వాక్యానిది. కోర్టులో చెప్పిన ముఖ్యమైన సంగతి పోలీసులకు ఇచ్చిన స్టేట్‌మెంటులో లేదంటే దాన్ని ఒమిషన్ అంటారు. కేసులు కూలేది ఇలాంటివాటి మీదే. పైగా ఇది ఒక్క సీనుతో తేలేది కాదు. సాక్షి ‘పోలీసులకు చెప్పాను’ అని మొండికేస్తే, తర్వాత దర్యాప్తు అధికారి బోనెక్కినప్పుడు ‘ఈ సాక్షి నాకు అలా చెప్పలేదు’ అని ఆయన చేత అనిపించాలి. ఈ రెండింటికీ మధ్య కొన్ని నెలలు గడవచ్చు. తెర మీద ఒకే రోజు జరిగినట్టు కలిపితే కాలం కుదించామని కార్డు వేయాలి. వేసేవాళ్లు తక్కువ.

పద్ధతిగా పనిచేసే నిర్మాణ సంస్థలు స్క్రిప్టులో ప్రతి డైలాగు పక్కనా మూడింట్లో ఒక గుర్తు పెట్టిస్తాయి: రికార్డులో ఉన్నది ఉన్నట్టు, రికార్డు నుంచి ఊహించింది, పూర్తిగా కల్పించింది. మొదటి రెండింటికీ సాక్షి నంబరు, పేజీ రాయాలి. ప్రాసిక్యూషన్ సాక్షి అయితే పి.డబ్ల్యూ., డిఫెన్స్ సాక్షి అయితే డి.డబ్ల్యూ. ఆ పాత్ర తాలూకు మనిషి బతికున్నారా, పేరు మార్చామా, ఇద్దరు మనుషుల్ని ఒక పాత్రగా కలిపామా అన్నదీ అక్కడే ఉండాలి. తీసినదాని మీద దావాలు పడితే ఆదుకునే ‘ఎర్రర్స్ అండ్ ఒమిషన్స్’ బీమా కావాలంటే లాయర్లు ముందుగా అడిగేది ఈ ప్రతినే.

ప్రశ్న: విదేశీ కార్యక్రమాల్లో మాట మాటా కోర్టులోదే అంటారు. వాళ్లకెలా కుదురుతోంది? – పాఠకుడు, ఫ్రిస్కో, టెక్సస్

అమెరికా కోర్టుల్లో కోర్టు రిపోర్టర్ అనే ఉద్యోగి ప్రశ్ననూ జవాబునూ మాట పోకుండా రాసుకుంటారు కాబట్టి. ఆ ప్రతినే ట్రాన్‌స్క్రిప్టు అంటారు. 2005లో కాలిఫోర్నియాలోని శాంటా మరియాలో మైకేల్ జాక్సన్ కేసు నడిచినప్పుడు జడ్జి కెమెరాలను లోపలికి రానివ్వలేదు. అమెరికాలోని ‘ఈ!’ (E!) ఛానెల్, బ్రిటన్‌లోని స్కై ఛానెల్ కలిసి ఏ రోజు విచారణను ఆ రోజు ట్రాన్‌స్క్రిప్టు నుంచే నటులతో ఆడించి ప్రసారం చేశాయి. ఆ జూన్ 13న జ్యూరీ జాక్సన్‌ను అన్ని అభియోగాల్లోనూ నిర్దోషి అని తేల్చింది. ట్రాన్‌స్క్రిప్టు ఎంత కచ్చితమైనదైనా అందులో గొంతు ఉండదు. “నాకు గుర్తు లేదు” అన్న మాటను నటుడు తల దించుకుని అంటే ఒక అర్థం, విసుగ్గా అంటే ఇంకో అర్థం. మాటలన్నీ నిజమే అయినా తీర్పు నటుడి చేతిలోకి పోతుంది.

ఇంగ్లండ్‌లో 1925 నాటి క్రిమినల్ జస్టిస్ చట్టం కోర్టులో ఫొటోలు తీయడాన్ని నిషేధించింది. అందుకే అక్కడ నటులతో ఆడించడం బాగా అలవాటైంది. క్రౌన్ కోర్టులో జడ్జి శిక్ష చదివే భాగాన్ని చిత్రీకరించనివ్వడం 2022 జులైలో మొదలైంది. అదీ జడ్జిని మాత్రమే చూపించాలి.

ప్రశ్న: మా జిల్లాలో పాతికేళ్ల కిందటి హత్య కేసు మీద చిన్న డాక్యుడ్రామా తీయాలనుకుంటున్నాం. కాగితాలు ఎక్కడ దొరుకుతాయి? – విద్యార్థులు, వరంగల్

వెనక నుంచి ముందుకు రండి. ముందు పై కోర్టు తీర్పు చూడండి. అప్పీలు హైకోర్టుకో సుప్రీంకోర్టుకో వెళ్లి ఉంటే తీర్పు వాటి వెబ్‌సైట్లలో ఉచితంగా దొరికే అవకాశం ఎక్కువ. అందులో కింది కోర్టు పేరు, సెషన్స్ కేసు నంబరు, సంవత్సరం, పోలీసు స్టేషను, క్రైమ్ నంబరు ఉంటాయి. కొత్త కేసయితే ప్రతి కేసుకూ విడిగా ఇచ్చే 16 అక్షరాల సీఎన్ఆర్ నంబరుతో కోర్టుల వెబ్‌సైటు ఈ-కోర్ట్స్‌లో వాయిదాలన్నీ చూడొచ్చు. మీది పాతికేళ్ల నాటిది, కాబట్టి ఆ కోర్టు నకళ్ల విభాగానికి వెళ్లక తప్పదు.

మీరు కేసులో పార్టీలు కారు. అందుకని మామూలు కాపీ అప్లికేషన్ సరిపోదు. నకళ్లు ఎందుకు కావాలో చెబుతూ అఫిడవిట్ జతచేసి కోర్టు అనుమతి తీసుకోవాలి. ‘కేసు ఫైలు మొత్తం’ అని రాస్తే తిప్పి పంపుతారు. తీర్పు, ఫలానా సాక్షుల వాంగ్మూలాలు, పోస్టుమార్టం రిపోర్టు అని విడివిడిగా అడగండి. సమాచార హక్కు కింద పెట్టుకుంటే పని జరగదు. కోర్టు నకళ్లను కోర్టు నిబంధనల ప్రకారమే తీసుకోవాలని సుప్రీంకోర్టు 2020 మార్చిలో గుజరాత్ హైకోర్టు కేసులో తేల్చేసింది.

గడువు దాటిన ఫైళ్లను నిబంధనల ప్రకారం కోర్టులు నాశనం చేస్తాయి. వాంగ్మూలాలు పోయి తీర్పు ఒక్కటే మిగలొచ్చు. అప్పుడు అప్పీలు వాదించిన లాయరు ఆఫీసులో టైపు చేసిన పేపర్‌బుక్ (అప్పీలు కోసం కేసు కాగితాలన్నీ కలిపి కుట్టిన పుస్తకం) ఉందేమో కనుక్కోండి. అదీ లేకపోతే తీర్పులో జడ్జి ఎత్తి చూపిన సాక్ష్యమే మీకు హద్దు. ఆ హద్దు దాటి క్రాస్ సీన్లు రాయకండి.

తీర్పు పాఠాన్ని వాడుకోవడానికి కాపీరైటు అడ్డు రాదు. కోర్టు స్వయంగా నిషేధిస్తే తప్ప తీర్పులను ప్రచురించడం ఉల్లంఘన కాదని కాపీరైట్ చట్టం 52వ సెక్షన్ చెబుతోంది. హైకోర్టు లైవ్ స్ట్రీమింగ్ వీడియో ముక్కలు అలా కాదు, అనుమతి లేకుండా వాటిని కోసి వాడుకోకూడదు.

ప్రశ్న: సుత్తి, ‘ఆర్డర్ ఆర్డర్’, భగవద్గీత మీద ప్రమాణం… ఇవన్నీ నిజమేనా? – పాఠకుడు, కాకినాడ

మన కోర్టుల్లో సుత్తి లేదు. 1969 నాటి ప్రమాణాల చట్టం ప్రకారం దేవుడి పేరు మీద ప్రమాణం చేయొచ్చు, ఇష్టం లేకపోతే ఊరికే ధ్రువీకరించొచ్చు. పుస్తకం మీద చెయ్యి వేసే తంతు లేదు. జిల్లా కోర్టులో లాయరుకు గౌను తప్పనిసరి కాదు. సుప్రీంకోర్టు, హైకోర్టుల్లో మాత్రమే తప్పనిసరి.

ఇంకో పొరపాటు వీటికన్నా పెద్దది. సాక్ష్యం అయిపోయాక జడ్జి ముద్దాయిని ప్రశ్నలు అడుగుతారు. అప్పుడు ప్రమాణం చేయించరు. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లోని సెక్షన్ నంబరుతో పాతవాళ్లు దీన్ని 313 ఎగ్జామినేషన్ అంటారు, ఆ కోడ్ స్థానంలో వచ్చిన బీఎన్ఎస్ఎస్‌లో ఇప్పుడిది 351వ సెక్షన్. తెర మీద మాత్రం ముద్దాయి చేత ప్రమాణం చేయించి, పబ్లిక్ ప్రాసిక్యూటర్ చేత గద్దించి మరీ క్రాస్ చేయిస్తారు. ముద్దాయి తనంతట తాను డిఫెన్స్ సాక్షిగా బోనెక్కితే తప్ప అది జరగదు.

పోలీసుల ముందు నేరం ఒప్పుకున్న సీన్లకూ ఇదే వర్తిస్తుంది. ఆ ఒప్పుకోలు కోర్టులో చెల్లదు. దాని వల్ల కత్తో నగో దొరికితే, దొరకడానికి దారి చూపిన ముక్క వరకే పనికొస్తుంది. ఒప్పుకోలు సీన్ పూర్తిగా చూపించి, చివర్లో ‘నిర్దోషిగా విడుదల’ అని కార్డు వేస్తే చూసేవాళ్లు కోర్టును తిట్టుకుంటారు. తిట్టాల్సింది స్క్రిప్టును.

ప్రశ్న: అత్యాచారం కేసులో బాధితురాలి పేరు మారిస్తే సరిపోతుందా? – పాఠకురాలు, కర్నూలు

సరిపోదు. ఐపీసీ స్థానంలో వచ్చిన భారతీయ న్యాయ సంహిత (బీఎన్ఎస్) 72వ సెక్షన్ పేరును మాత్రమే కాదు, మనిషిని గుర్తుపట్టించే ఏ వివరాన్నైనా నిషేధిస్తోంది. రెండేళ్ల దాకా జైలు, జరిమానా. పేరు మార్చి, నిజమైన కాలేజీ గేటునూ తండ్రి ఉద్యోగాన్నీ చూపిస్తే ఊళ్లో అందరికీ తెలిసిపోతుంది. బాధితురాలు చనిపోయినా, బంధువులు ఒప్పుకున్నా పేరు బయటపెట్టడానికి వీల్లేదని, తప్పనిసరైతే సెషన్స్ జడ్జి నిర్ణయించాలని 2018 డిసెంబరులో నిపుణ్ సక్సేనా కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. 2019లో శంషాబాద్ దగ్గర హత్యకు గురైన యువతిని ‘దిశ’ అని పిలవడం ఇందుకే.

నిర్మాతలు మరిచిపోయేది 73వ సెక్షన్. ఇలాంటి కేసుల కోర్టు విచారణ గురించి ఏది ప్రచురించాలన్నా ఆ కోర్టు అనుమతి ముందుగా ఉండాలి. హైకోర్టు, సుప్రీంకోర్టు తీర్పులకు మాత్రమే మినహాయింపు. అంటే కింది కోర్టు క్రాస్‌ను సీనుగా మలచాలనుకుంటే అనుమతి కాగితం ముందు, కెమెరా తర్వాత. బాధితులు పిల్లలైతే, లైంగిక నేరాల నుంచి పిల్లల్ని కాపాడే పోక్సో చట్టం 23వ సెక్షన్ ఇంకా కఠినం. బడి పేరు, పేట పేరు కూడా చెప్పకూడదు. ముద్దాయి మైనరైతే జువెనైల్ జస్టిస్ చట్టం 74వ సెక్షన్ అతని గుర్తింపునూ కాపాడుతుంది.

ప్రశ్న: కేసు ఇంకా నడుస్తుండగా తీయొచ్చా? – పాఠకుడు, హైదరాబాద్

తీయొచ్చు, స్టే వచ్చే ప్రమాదంతో. కోర్టులు అన్ని సందర్భాల్లోనూ ఒకేలా చూడలేదు. ముంబై పేలుళ్ల మీద తీసిన ‘బ్లాక్ ఫ్రైడే’ సినిమాను టాడా (అప్పటి ఉగ్రవాద నిరోధక చట్టం) కోర్టు తీర్పు వచ్చేదాకా ఆపారు. అది 2007లో గానీ థియేటర్లకు రాలేదు. ఉపహార్ థియేటర్ అగ్నిప్రమాదం మీది సిరీస్‌ను ఆపమంటే ఢిల్లీ హైకోర్టు 2023 జనవరిలో ఒప్పుకోలేదు. షీనా బోరా హత్య కేసు మీది డాక్యుసిరీస్‌ను బాంబే హైకోర్టు జడ్జీలు ముందు తాము చూసి, ఆ తర్వాతే 2024 ఫిబ్రవరిలో వదిలారు. తెలుగువాళ్లకు దగ్గరిది సత్యం కంప్యూటర్స్ లెక్కల మోసం కేసు. ఒక ఓటీటీ సిరీస్‌లో ఆ కంపెనీ అధిపతి రామలింగరాజు మీది ఎపిసోడ్‌కు హైదరాబాద్ సివిల్ కోర్టు అడ్డు చెప్పింది. దాంతో 2020 అక్టోబరులో ఆ సిరీస్ మిగతా మూడు ఎపిసోడ్లతోనే వచ్చింది. 2015లో శిక్ష పడినా అప్పటికి అప్పీలు పెండింగులోనే ఉంది మరి. కింది కోర్టు తీర్పు రాగానే ‘కేసు అయిపోయింది’ అనుకునే నిర్మాతలు ఇది గుర్తుపెట్టుకోవాలి.

మా సలహా ఏమిటంటే, పెండింగ్ కేసులో ఛార్జిషీటునే కథగా తీయకండి. అది ఒక పక్షం మాట. సాక్షుల క్రాస్ పూర్తి కాకుండా వాళ్ల పాత్రలు రాయొద్దు.

ప్రశ్న: నానావతి కేసే మన దేశంలో చివరి జ్యూరీ విచారణ అని ప్రతి కార్యక్రమంలోనూ చెబుతారు. నిజమా? – పాఠకుడు, విజయవాడ

కాదు. నౌకాదళ అధికారి నానావతి తన భార్య ప్రియుడు ప్రేమ్ ఆహుజాను 1959 ఏప్రిల్ 27న కాల్చి చంపిన ఆ కేసులో జ్యూరీ (తీర్పు చెప్పడానికి కూర్చునే మామూలు పౌరుల బృందం) 8-1తో నిర్దోషి అంది. సెషన్స్ జడ్జి ఒప్పుకోక హైకోర్టుకు నివేదించారు. అక్కడ పడిన శిక్షను 1961 నవంబరు 24న సుప్రీంకోర్టు ఖాయం చేసింది. జ్యూరీ పద్ధతికి దీనితో చెడ్డపేరు వచ్చిన మాట నిజమే గానీ, ఆ తర్వాత కూడా కొన్నిచోట్ల జ్యూరీలు కూర్చున్నాయి. 1973 క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌తోనే పూర్తిగా పోయాయి. చనిపోయాక కూడా ప్రేమ్ ఆహుజా నడుముకు తువ్వాలు అలాగే ఉందన్న సంగతి చుట్టూ ఎంతో వాదన నడిచింది. పెనుగులాట జరిగి ఉంటే అది నిలిచేదా అన్నది ప్రాసిక్యూషన్ ప్రశ్న. ఈ కేసును తెరకెక్కించేవాళ్లు మొదట చూసుకోవాల్సింది ఆ తువ్వాలును.

ప్రశ్న: మా బంధువు ఒక కేసులో సాక్షి. సీరియల్లో ఆయన లంచం తీసుకుని అబద్ధం చెప్పినట్టు చూపించారు. ఏం చేయాలి? – పాఠకురాలు, నిజామాబాద్

ముందు ఆ ఎపిసోడ్ తేదీ, సమయం, ఆ డైలాగు నిమిషం రాసిపెట్టుకోండి. ఆయన వాంగ్మూలం నకలు తీసుకోండి. తీర్పులో జడ్జి ఆయన్ని నమ్మారో లేదో చూడండి. సాక్షి మాట నమ్మదగినది కాదని తీర్పులోనే ఉంటే సీరియల్ వాళ్లకు కొంత ఆసరా ఉంటుంది. కానీ ‘నమ్మలేం’ అని జడ్జి రాయడం వేరు, లంచం తీసుకున్నాడని చూపడం వేరు.

తర్వాత ఛానెల్ లేదా ఓటీటీ ఫిర్యాదుల అధికారికి రాయండి. 24 గంటల్లో అందినట్టు చెప్పాలి, 15 రోజుల్లో తేల్చాలి. తేల్చకపోతే వాళ్ల స్వీయ నియంత్రణ సంస్థకు అప్పీలు చేయండి. పరువునష్టానికి సివిల్ దావా వేయాలంటే గడువు ఒక్క ఏడాదే, క్రిమినల్ ఫిర్యాదుకు మూడేళ్లు. చాలామంది ఛానెల్‌తో ఉత్తరాలు నడుపుతూ ఆ ఏడాది దాటించుకుంటారు. మిగిలిన ఎపిసోడ్లు ఇంకా ప్రసారం కాకుంటే, వాటిని ఆపించే ఇంజంక్షన్ కోసం దావా ఇప్పుడే వేయండి.