పాపికొండల లాంచీలో పనిచేసినవాడిగా నా జవాబు

మీ ప్రశ్న: "పాపికొండలు వెళ్తే గోదావరికీ అడవికీ మనవల్ల చేటేనా? పోలవరం ఎలాగూ కడుతున్నారుగా, మనం మానేస్తే ఒరిగేదేంటి?"

మాది రాజమండ్రి. డిగ్రీ అయ్యాక 2014, 15 ప్రాంతంలో రెండు చలికాలాలు ఒక టూరిస్టు లాంచీలో వడ్డన పని చేశాను. అప్పుడు పురుషోత్తపట్నం రేవులో ఎక్కించేవాళ్లం. దేవీపట్నం వైపు ఊళ్లు కనపడే వేళకి టిఫిన్లు, పేరంటాలపల్లి నుంచి వెనక్కి తిరిగాక భోజనాలు. ఎంగిలి ప్లేట్లూ గ్లాసులూ గోనెసంచిలో వేసి రేవుకి తేవాలి. మధ్యాహ్నానికి సంచి కంపు కొడుతోందని జనం విసుక్కుంటే, మలుపు తిరిగాక నీళ్లలోకి దులిపేసేవాళ్లం. నేనూ దులిపాను, దాచడం దేనికి?

పైడెక్కు మీద డీజే మాత్రం లాంచీ నడిపే మా సరంగుకి గిట్టేది కాదు. నదిలో సుళ్లు తిరిగే చోటు, కచ్చులూరు మందం దగ్గర పాటలు ఆపించేవాడు. "సుడి లాగుతుంటే ముందు ఇంజనే చెబుతుందిరా, నన్ను విననివ్వండి" అనేవాడు. 2019 సెప్టెంబర్ 15న, గోదావరి వరద మీద ఉండగా, అక్కడే ఒక బోటు మునిగి నలభై మందికి పైగా పోయారు. బోట్ల రాకపోకల్ని కనిపెట్టే కంట్రోల్ రూములు ఆ తర్వాత వచ్చినవే.

పోలవరం సంగతికొస్తే, దాన్నీ మన లాంచీనీ ఒకే తక్కెడలో పెట్టకండి. పాపికొండల అడవిని 2008లో జాతీయ పార్కు చేశారు. అయినా వానాకాలంలో నీళ్లు ఇంకా పైకి ఎక్కేలా చేస్తోంది ఇప్పుడు కాఫర్ డ్యామ్, అంటే పోలవరం కోసం నదికి అడ్డంగా వేసిన తాత్కాలిక కట్ట. వరదొస్తే డ్యామ్‌కి ఎగువన ఒడ్డునున్న గండిపోచమ్మ గుడి మునుగుతుంది. పురుషోత్తపట్నం నుంచి పైకి దారి లేదు, మధ్యలో డ్యామ్ కదా. రాజమండ్రి వైపు నుంచి లాంచీ ఎక్కాలంటే ఆ గుడి దగ్గరికే వెళ్లాలి. మేం ఇడ్లీలు వడ్డిస్తూ చూసిన ఊళ్లు ముంపు వల్ల చాలావరకు ఖాళీ. ఆ ఊళ్లవాళ్ల నష్టం ముందు మన ప్లాస్టిక్ గ్లాసు ఎంత? కానీ డ్యామ్ ఎత్తు నా చేతిలో లేదు, గ్లాసు ఉంది.

కాబట్టి వెళ్లండి, వరద తగ్గాక, చలికాలంలో. పగటి ట్రిప్పు చాలు. ఇసుకతిన్నెల మీద గుడిసెల్లో రాత్రి మంటలూ స్పీకర్లూ నాకు నచ్చవు, అక్కడ అడవి కూడా నిద్రపోవాలి. పేరంటాలపల్లిలో అక్కడి గిరిజనులు కొండరెడ్లు అమ్మే, వెదురుతో చేసిన పువ్వులు బేరమాడకుండా కొనండి. టికెట్ కొనేటప్పుడు డెక్కు మీద పాటలుంటాయా అని అడగండి. ఉంటాయంటే వేరే లాంచీ చూసుకోండి.