‘చండీరాణి’: మూడు భాషలు, రెండు వేషాలు

ప్రశ్న: భానుమతి గారు ‘చండీరాణి’లో ద్విపాత్రాభినయం చేస్తూనే మూడు భాషల్లో దర్శకత్వం వహించారట. తీసిన షాట్‌ను అక్కడికక్కడే చూసుకునే మానిటర్ లేని ఆ రోజుల్లో ఎలా సాధ్యమైంది?

జవాబు: 1953 నాటి ‘చండీరాణి’ ఆవిడ తొలి దర్శకత్వం. తెలుగు, తమిళం, హిందీ మూడూ ఆవిడే తీశారు. అప్పటికి నటిగా ఆవిడ తొలి చిత్రం ‘వరవిక్రయం’ (1939) వచ్చి పద్నాలుగేళ్లు. భర్త రామకృష్ణారావు గారితో కలిసి భరణీ పిక్చర్స్ పెట్టి ‘రత్నమాల’, ‘లైలా మజ్ను’ తీసిన అనుభవమూ ఉంది. ఆ నిర్మాత అనుభవమే ఆవిడకు అసలు బలమని మా అభిప్రాయం. ఎందుకంటే ఇక్కడ ఫిలిం లెక్క చాలా కటువు. 35 ఎం.ఎం. ఫిలిం నిమిషానికి 90 అడుగులు నడుస్తుంది. నిమిషం షాట్ మూడు భాషల్లోనూ మొదటి టేకుకే ఓకే అయినా 270 అడుగులు. తలా రెండు టేకులు పడితే 540. కెమెరాలో ఫిలిం చుట్ట ఉండే వెయ్యి అడుగుల మేగజైన్‌లో సగానికి పైగా ఒక్క షాట్‌కే సరి!

ఇక ఒకే మనిషి ఇద్దరుగా కనిపించే షాట్. అప్పట్లో దీనికి వాడుకలో ఉన్న పద్ధతి మాస్క్. కెమెరాను కదలకుండా బిగిస్తారు. లెన్స్ ముందు సగం మూసి, ఒక వేషంలో నటిస్తారు. ఫ్రేముల లెక్క చూసుకుని అదే ఫిలింను వెనక్కి చుడతారు. మేకప్, బట్టలు మార్చుకుని వచ్చాక రెండో సగం తెరిచి మళ్లీ నటిస్తారు. ఎదుట మనిషి ఉండదు గనక చూపు ఆనడానికి ఆ ఎత్తులో ఒక గుర్తు పెడతారు.

చెడేది ఎక్కడంటే, రెండు సగాలు కలిసే అతుకు దగ్గర. కెమెరా వెంట్రుకవాసి కదిలినా నేల మీది గీత రెండు ముక్కలవుతుంది. అందుకే అతుకును స్తంభం అంచుకో, తలుపు చట్రానికో కలుపుతారు. చెయ్యి ఆ గీత దాటితే వేళ్లు తెగి మాయమవుతాయి. అపర్చర్ (లెన్స్‌లో వెలుగు వచ్చే రంధ్రం) మారిస్తే మాస్క్ అంచు పరుచుకునే తీరే మారిపోతుంది. లైటు తగ్గితే ఒక సగం మసకబారుతుంది. ఇవన్నీ ల్యాబ్ నుంచి ఫిలిం వచ్చాకే తెలుస్తాయి. ఒక సగం పాడైతే రెండో సగమూ పోయినట్టే.

అలాంటి షాట్ మూడు భాషల్లో కావాలంటే, తప్పులు లేకపోయినా ఆరుసార్లు నటించాలి. నటిస్తున్నప్పుడు తనను తాను చూసుకునే వీల్లేదు. కెమెరామన్ మాట, తన లోపలి తాళం, ఈ రెండే ఆధారం. సంగీతం తెలిసిన మనిషి కావడం అక్కడ ఎంత అక్కరకొచ్చి ఉంటుందో ఆలోచించండి!

ప్రశ్న: ఆవిడ సంగీత దర్శకత్వం కూడా చేశారా?

జవాబు: చేశారు. ‘చక్రపాణి’ (1954) పాటలకు బాణీలు ఆవిడవే.

ప్రశ్న: ‘చండీరాణి’ తరవాత దర్శకత్వం మానేశారా?

జవాబు: లేదు. ‘అంతా మనమంచికే’ (1972), పిల్లలతోనే తీసిన ‘భక్త ధ్రువ మార్కండేయ’ (1982) ఆవిడ దర్శకత్వంలోనివే.