ఓడ మునిగిందా, ముంచారా?

సందేహం: మా గ్రంథాలయం తరఫున వచ్చే చిన్న పత్రికకు, రెండో ప్రపంచయుద్ధంలో పోయిన ‘గైర్‌సొప్పా’ అనే బ్రిటిష్ సరుకుల ఓడ మీద వ్యాసం రాశాను. ‘జర్మన్ల దాడి సమయంలో ఓడ మునిగిపోయింది’ అన్నాను. పత్రిక చూసే మిత్రుడు దాన్ని ‘జర్మన్లచే ఓడ ముంచివేయబడింది’ అని దిద్దాడు. మునిగిపోవడమంటే దానంతటది జరిగేదనీ, ఒకరు పనిగట్టుకుని చేసినప్పుడు ఆ మాట కుదరదనీ అతని వాదన. శీర్షికేమో ‘యుద్ధంలో కోల్పోబడిన ఓడ’ అని పెట్టాడు. ఇద్దరిలో ఎవరిది ఒప్పు? ఓడ పేరు గైర్‌సొప్పా అనాలా, గేరుసొప్ప అనాలా?
– ఒక పాఠకుడు, విజయనగరం

సమాధానం: మీ మిత్రుడు పట్టిన జబ్బు నిజమైనదే, వేసిన మందే బాగాలేదు.

ముందు జబ్బు సంగతి. మునుగు, ముంచు అనేవి జంట క్రియలు. కూలు–కూల్చు, పేలు–పేల్చు, కాలు–కాల్చు ఎలాంటివో ఇవీ అలాంటివే. మొదటిదానిలో జరిగినదే కనిపిస్తుంది, రెండోదానిలో చేసినవాడు కూడా కనిపిస్తాడు. ఈ తేడా మనకు వ్యాకరణం చదివితే వచ్చింది కాదు. చీటీల కంపెనీ ఎత్తేశారని తెలియగానే ‘అయ్యో, కొంప మునిగింది’ అంటాం. కాసేపయ్యాక, మనల్ని అందులో చేర్పించినవాడు గుర్తొచ్చి ‘వాడే కొంప ముంచాడు’ అంటాం. ఘటన ఒకటే, వేలు చూపించే అవసరం వచ్చేసరికి క్రియ మారింది. అలాగే ‘ఇప్పుడేం పుట్టి మునిగిందని?’ అంటాం. నది దాటించే ఆ గుండ్రటి పుట్టిని ఫలానావాడు ముంచాడని అక్కడ చెప్పడం లేదు కాబట్టి అందులో మునుగే ఉంది.

ఇప్పుడు మీ ఓడ దగ్గరికి వద్దాం. గైర్‌సొప్పా 1919లో ఇంగ్లండులో తయారైన ఆవిరి ఓడ, బ్రిటిష్ ఇండియా స్టీమ్ నావిగేషన్ కంపెనీది. 1940 డిసెంబరులో కలకత్తాలో బయల్దేరింది. దుక్క ఇనుము, తేయాకు, వాటితోపాటు టన్నులకొద్దీ వెండి దానిలో ఉన్నాయి. ఆఫ్రికా పడమటి తీరంలోని ఫ్రీటౌన్ దగ్గర కాన్వాయ్‌లో కలిసింది. యుద్ధకాలంలో సరుకుల ఓడలు జలాంతర్గాముల భయానికి అలా గుంపుగా వెళ్లేవి. ఉత్తర అట్లాంటిక్‌లో తుపాను పట్టుకుంది, బొగ్గు తరిగిపోతోంది. గుంపుతో పాటు వెళితే గమ్యం చేరేలా లేదని కెప్టెన్ విడిపోయి ఐర్లండులోని గాల్వే వైపు తిప్పాడు. 1941 ఫిబ్రవరి 16న ఒక జర్మన్ విమానం ఒంటరిగా పోతున్న ఈ ఓడ చుట్టూ తిరిగి వెళ్లింది. ఆ రాత్రే యూ–101 అనే జలాంతర్గామి, మెంగెర్సెన్ దాని అధికారి, టార్పెడో వేసింది.

ఇంత జరిగాక ‘దాడి సమయంలో మునిగిపోయింది’ అంటే, దాడి ఒకవైపు, మునగడం ఇంకోవైపు, రెండూ కాకతాళీయంగా ఒకే వేళకు వచ్చినట్టుంది. తుపానుకి పోయిందేమోనని కూడా అనిపిస్తుంది. నిజానికి ఆ తుపాను ఓడని ముంచలేదు, గుంపులోంచి తప్పించిందంతే. ఈ తేడా మీ వాక్యంలో పోయింది. ‘దాడిలో’ అనో, ‘దాడికి’ అనో అన్నా కొంత నయం.

ఇక మందు. ‘జర్మన్లచే ముంచివేయబడింది’. వ్యాకరణ దృష్టిలో తప్పనలేం, పాత పుస్తకాల్లో ఈ కర్మణి ప్రయోగం కావలసినంత ఉంది. కానీ ‘ఇచ్చట సైకిళ్లు అద్దెకు ఇవ్వబడును’ అని బోర్డు పెట్టిన షాపాయన కూడా మనం వెళ్లి అడిగితే ‘అద్దెకిస్తాం’ అనే అంటాడు. కనబడు, వినబడు, నిలబడు వంటి మాటల్లోని ‘పడు’ మన నోటిలో పుట్టి పెరిగినదే, దాంతో పేచీ లేదు. ప్రతి క్రియకూ ‘బడు’ తోకలా తగిలించడంతోనే పేచీ. చేసినవాడెవరో తెలిసినప్పుడు అతన్నే కర్తగా ముందు నిలబెట్టండి: ‘యూ–101 అనే జర్మన్ జలాంతర్గామి ఆ ఓడను ముంచేసింది.’ ఎవరు చేశారో తెలియకపోయినా, చెప్పడం అనవసరమైనా తెలుగుకు ఇంకో సుళువు ఉంది. కర్త లేకుండా బహువచన క్రియ వాడితే చాలు. ‘దొంగను పట్టుకున్నారు’, ‘కరెంటు తీసేశారు’ అంటే ఎవరని అడగం. అదే పద్ధతిలో ‘1941లో ఓడను ముంచేశారు’ అనొచ్చు. ‘బడు’ చేయవలసిన పని పూర్తయింది, ‘బడు’ మాత్రం రాలేదు.

అలాగని యుద్ధంలో పోయిన ప్రతి ఓడకూ ‘ముంచారు’ అని రాయనక్కరలేదు. ఇదే కంపెనీ ఓడ ఒకటి మన గోలకొండ పేరుతో ఉండేది. 1916 జూన్‌లో ఇంగ్లండు తూర్పు తీరాన ఆల్డ్‌బరో దగ్గర మందుపాతరకు తగిలి పోయింది. అక్కడ ఆ మైనును ఎప్పుడో నీళ్లలో వదిలి వెళ్లారు, ఎవరూ ఈ ఓడకే గురిపెట్టలేదు. కాబట్టి ‘మైను పేలి గోలకొండ మునిగిపోయింది’ అంటే బాగుంటుంది. మూడోరకం కూడా ఉంది. 1939 డిసెంబరులో గ్రాఫ్ స్పే అనే జర్మన్ యుద్ధనౌకను ఉరుగ్వే రాజధాని మాంటెవిడియో దగ్గర సొంత కెప్టెనే, శత్రువు చేతికి చిక్కకూడదని, పేల్పించి ముంచాడు. దీనికి మన దగ్గర పెద్ద వివరణే అక్కర్లేదు, ‘తమ ఓడను తామే ముంచేసుకున్నారు’ అంటే సరి. ఒక్క ‘కొను’ చేర్చడంతో పనంతా అయిపోయింది.

గైర్‌సొప్పా కథలో మునిగాక జరిగిన భాగం ఇంకా దారుణం, అక్కడ క్రియలు మళ్లీ మారతాయి. ఒకే ఒక్క లైఫ్‌బోటు, రెండో ఆఫీసరు ఎయిర్స్ అజమాయిషీలో, తీరం దాకా రాగలిగింది. పదమూడు రోజులు పట్టింది. అందులో ఎక్కువమంది చలికీ దాహానికీ దారిలోనే చనిపోయారు. చనిపోయినవాళ్లలో చాలామంది లస్కర్లు, అంటే భారతీయ నావికులు. (మన కాలువల మీద తూములు చూసుకునే లస్కరు కూడా ఈ మాటే. సైన్యం అనే అర్థంగల ‘లష్కర్’ అటు ఓడ ఎక్కింది, ఇటు కాలువగట్టు ఎక్కింది.) కార్న్‌వాల్‌లోని లిజర్డ్ తీరానికి చేరేసరికి కెరటాలకు బోటు బోల్తాపడింది. ప్రాణాలతో మిగిలినవాడు ఎయిర్స్ ఒక్కడే. బోటును ఎవరో తిరగేయలేదు కాబట్టి ‘బోల్తాపడింది’, ‘తలకిందులైంది’ అనడమే న్యాయం. మీ వ్యాసంలో ఇక్కడ కూడా ‘బోల్తా వేయబడింది’ అని దిద్ది ఉంటే మీ మిత్రుడితో నా తరఫున పోట్లాడండి.

తర్వాతి వాక్యాలు చూడండి. 2011లో ఒడిస్సీ అనే అమెరికన్ సంస్థ ఆ ఓడను కనిపెట్టింది. దాదాపు 4,700 మీటర్ల లోతు, టైటానిక్ కంటే లోతు. 2012, 2013లలో దాంట్లోంచి మొత్తం 2,792 వెండి కడ్డీలు తీశారు. ఉత్తరాలు కూడా దొరికాయి, ఏడు వందలకు పైగా. వెండి కోసం వెళ్లారు కాబట్టి ‘తీశారు’. ఉత్తరాల కోసం వెళ్లలేదు, కాబట్టి ‘దొరికాయి’, ‘బయటపడ్డాయి’. ‘వెలికితీయబడ్డాయి’ అని రెండింటికీ ఒకే ముద్ర కొట్టేస్తే ఈ తేడా పాఠకుడికి ఎలా అందుతుంది?

‘కోల్పోబడిన ఓడ’ మాత్రం తీసిపారేయవలసిందే. కోల్పోవడం సొంతదారు చేసేది: కంపెనీ ఓడను కోల్పోయింది. ఓడ గురించే చెప్పాలంటే ‘యుద్ధంలో పోయిన ఓడ’, మీ ప్రశ్నలో మీరు అలవోకగా రాసిన మాటే. అంతకన్నా మంచి శీర్షిక వెతకనక్కరలేదు. కొందరు పత్రికలవాళ్లు ‘జలసమాధి అయిన ఓడ’ అంటారు. సమాధి మనుషులకు సంబంధించింది. ఓడతో పాటు పోయినవారి గురించైతే వాడండి, ఇనుముకు వద్దు.

ఇక పేరు. గేరుసొప్ప కర్ణాటకలో శరావతి ఒడ్డున ఉన్న ఊరు, జోగ్ జలపాతాన్ని ఇంగ్లీషువాళ్లు ఆ ఊరి పేరుతోనే పిలిచేవారు. ఈ కంపెనీ తన ఓడలకు ‘ఆ’తో ముగిసే పేర్లు, అందులోనూ మన దేశపు ఊళ్లవి ఎక్కువగా పెట్టేది. అలా గేరుసొప్ప గైర్‌సొప్పా అయింది. ఓడ గురించి రాసినప్పుడు దాని మీద రాసి ఉన్నట్టే గైర్‌సొప్పా అనండి, ఊరి ప్రస్తావన వచ్చినచోట కన్నడిగులు అన్నట్టు గేరుసొప్ప అనండి. రెండూ ఒకే పేరని మొదటిసారి వచ్చినప్పుడు ఒక్క ముక్క చెప్తే చాలు.