కన్నీళ్ళు నటనకు వచ్చినవా, సంగీతానికి వచ్చినవా?

మొదటిసారి ఏడిపించిన సన్నివేశమే శబ్దం ఆపి చూస్తే చప్పగా అనిపించిందని, అలాంటప్పుడు ఆ కన్నీళ్ళు నటనకు వచ్చినవా, నేపథ్య సంగీతానికి వచ్చినవా అని మీరు అడిగారు. ఒక లఘుచిత్రానికి ఎడిటింగ్ చేసినప్పుడు నాకు ఎదురైన అనుభవాన్ని బట్టి దీనికి సమాధానం చెబుతాను.

అందులో ఒక నడివయసు వ్యక్తి ఇంటికి తాళం వేసి, తాళంచెవిని అరచేతిలో పట్టుకుని, దాదాపు 12 సెకన్లు గుమ్మం ముందే నిలబడే షాట్ ఒకటి ఉంది. నటుడి ముఖంలో ఫలానా భావమని చెప్పదగినదేదీ లేదు. దానికి నెమ్మదైన వేణునాదం జోడించి చూపిస్తే, పాపం ఎవరినో పోగొట్టుకున్నట్టున్నాడని మిత్రులు అన్నారు. వేణువు తీసేసి, ఎడతెగకుండా సాగే ఒకే ఒక్క మంద్రస్వరం ఉంచితే, లోపల ఏదో ఘోరం చేసి వచ్చాడని అనుమానించారు. ఒకాయనైతే ఈసారి నటన మెరుగుపడిందని మెచ్చుకున్నారు. షాట్ మారలేదని ఆయనకు చెప్పడానికి నాకు నోరు రాలేదు.

ఇది మా మిత్రుల అమాయకత్వమేమీ కాదు. 1988లో మార్షల్, కోహెన్ అనే పరిశోధకులు రెండు త్రిభుజాలు, ఒక వృత్తం అటూ ఇటూ కదిలే యానిమేషన్‌ను వేర్వేరు సంగీతాలతో చూపినప్పుడు, ముఖమే లేని ఆ ఆకారాల స్వభావం గురించి కూడా చూసినవారి అభిప్రాయాలు మారాయి. దృశ్యం ఎంత అస్పష్టంగా ఉంటే సంగీతానికి అంత చనువు దొరుకుతుందని నా అభిప్రాయం.

అయితే ఏ సంగీతం అన్నదానికన్నా అది ఎప్పుడు మొదలవుతుందన్నదే నన్ను ఎక్కువ ఇబ్బంది పెట్టింది. తాళం వేయకముందే వేణువు వినిపిస్తే, ఇక ఏడవండి అని ముందే చెప్పినట్టుండేది. తాళం పడిన చప్పుడు తర్వాత రెండు సెకన్లు నిశ్శబ్దంగా వదిలి, అప్పుడు మొదటి స్వరం వినిపించేలా జరిపాక, ప్రేక్షకుడిలో అప్పటికే కదిలిన బాధకు సంగీతం తోడు వచ్చినట్టయింది. కాబట్టి మీ కన్నీళ్ళకు కారణం కథే అయి ఉండవచ్చు. సంగీతం వాటికి సమయమూ దారీ చూపించింది.

అసలు సంగీతమే వద్దనుకోవడమూ ఒక మార్గమే గాని, అది ప్రతిచోటా నెగ్గదు. 1960 నాటి ‘సైకో’ సినిమాలో స్నానాల గది హత్యకు సంగీతం అక్కర్లేదని మొదట అనుకున్న దర్శకుడు హిచ్‌కాక్, సంగీతకారుడు బెర్నార్డ్ హెర్మన్ తంత్రీవాద్యాలతో కూర్చిన కీచుస్వరాలు విన్నాక మనసు మార్చుకున్నారు. మేము మాత్రం చివరికి వేణువును తీసేసి తాళం చప్పుడొక్కటే ఉంచాము, దాని మీద దర్శకుడికీ నాకూ వాదన ఇప్పటికీ తెగలేదు.