కొత్తగా శాసనసభకు వెళ్తున్న జూనియర్ ప్లీడరుకు

చిరంజీవికి ఆశీస్సులు.

సన్మానాలు ఇంకా కొన్నాళ్లు సాగుతాయి కనుక ముందుగా గడువుల సంగతి చెబుతాను. ఫలితం ప్రకటించిన 30 రోజుల్లోగా ఎన్నికల ఖర్చుల లెక్క జిల్లా ఎన్నికల అధికారికి చేరాలి; తగిన కారణం లేకుండా తప్పితే ఎన్నికల సంఘం మూడేళ్లపాటు అనర్హుడిగా ప్రకటించగలదు. ఓడినవారు హైకోర్టులో ఎన్నికల పిటిషన్ వేయడానికి 45 రోజుల వ్యవధి ఉంటుంది కనుక అఫిడవిట్ నకళ్లు, బిల్లులు ఏవీ పారవేయకు. కక్షిదారుల కాగితాలను పదిలంగా దాచే ప్లీడర్లకు సొంత కాగితాలంటే ఎందుకో అశ్రద్ధ.

ఇక ప్రాక్టీసు. శాసనసభ్యులు పూర్తికాలపు జీతగాళ్లు కారు కనుక వారు న్యాయవాదులుగా కొనసాగడానికి బార్ కౌన్సిల్ నిబంధనలు అడ్డు కావని సుప్రీంకోర్టు 2018లో తేల్చింది. అయినా మన మున్సిఫ్ కోర్టులో ఇక నిలబడవద్దనే నేనంటాను. ఇక్కడి దావాల్లో సాధారణంగా ఇరుపక్షాలూ నీ ఓటర్లే. నీవు ఒకరి వకాలతు పుచ్చుకున్నావంటే రెండోవారికి ఎమ్మెల్యేతోనే తగాదా అన్న భయం పట్టుకుంటుంది. నిన్న నీవు బెయిలుకు వాదించిన ముద్దాయి, ఇవాళ ఠాణాకు ఒక్క ఫోను చేయమంటాడు. చేతిలో ఉన్న కేసులను కక్షిదారుల సమ్మతితో ఇతరులకు అప్పగించు. ప్రభుత్వం ఫీజు ఇచ్చే నియామకం ఏదైనా వస్తే లాభదాయక పదవి చేపట్టినవారిని అనర్హులను చేసే రాజ్యాంగం 191వ అధికరణ చదవనిదే ఒప్పుకోకు.

సభలో మన వృత్తి అక్కరకు వచ్చేది ఉపన్యాసంలో కాదు, బిల్లు చదవడంలో. వివరంగా పరిశీలించే సభ్యుల సంఘానికి, అంటే సెలెక్ట్ కమిటీకి, వెళ్లే బిల్లులు అరుదు. చాలావాటికి ప్రవేశపెట్టిన ఒకటి రెండు రోజుల్లోనే ఆమోదం దొరుకుతుంది. కాబట్టి బిల్లు నకలు అందిన రాత్రే కూర్చుని, ఉద్దేశాల ప్రకటన సంగతి తర్వాత చూసుకోవచ్చు గానీ, నిర్వచనాలనూ, అప్పీలు క్లాజునూ, చివర ఉండే నిబంధనల రూపకల్పన అధికారాన్నీ ముందు చదువు. రైతుకు గడువెంత, ఫీజెంత, పైన మొరపెట్టుకునేది ఎవరికి అన్నవన్నీ ‘నిర్ణయించిన విధంగా’ అనే మాట చాటున జీవోలకు వదిలేశారేమో పరిశీలించు. 2020 నాటి తెలంగాణ పట్టాదారు పాసుపుస్తకాల చట్టం రెవెన్యూ కోర్టులను ఎత్తివేసి, ఆర్డీవోకు అప్పీలు చేసుకునే దారి మూసివేసినప్పుడు, పాసుపుస్తకంలో తప్పుపడిన చిన్న రైతును కూడా సివిల్ కోర్టుకు వెళ్లమనవలసి వచ్చిన సంగతి మన బార్‌లో ఎవరూ మరచిపోలేదు. 2025 భూభారతి చట్టంతో గానీ ఆ అప్పీళ్లు తిరిగి రాలేదు. ఇలాంటి లోపం కనబడితే సవరణ నోటీసును గడువులోగా శాసనసభ కార్యదర్శికి అందించు. అధికార పక్షంలో ఉంటే బిల్లు సభకు రాకముందే మంత్రితో మాట్లాడు, ఎందుకంటే ఓటింగు దాకా వస్తే పార్టీ ఆదేశం, అంటే విప్ ఉంటుంది, దాన్ని ధిక్కరిస్తే సభ్యత్వానికే ఎసరు తెచ్చే రాజ్యాంగం పదో షెడ్యూలు ఉంటుంది.

హాజరు తప్పకు. రాజమండ్రిలో ప్లీడరుగా పనిచేసిన ప్రకాశం పంతులుగారి ప్రభుత్వం 1954లో పడిపోయింది ఒక్క ఓటు తేడాతోనే.

ఉదయాన్నే ఇంటికి వచ్చే అర్జీలకు ఒక రిజిస్టరు పెట్టి, ఎవరు ఏమి అడిగారో, ఏ కార్యాలయానికి ఏనాడు రాశావో నమోదు చేయించు. ఆ పనికి అనుచరులను నమ్మకు. మన గుమాస్తాను అడిగి చూడు. ఇన్నేళ్లు వాయిదాల డైరీ రాసినవాడు, వస్తానంటే జీతం కుదుర్చుకుని వెంట పెట్టుకో.

ఇట్లు,
మీ సీనియర్